రెండు తీసేసి చదువుకో

"మీ బావగారు రాలేదేం ఇవాళ?" అన్నాడు దుకాణదారు, బామ్మర్ది గుమ్మంలో కాలు పెట్టీ పెట్టకముందే.

పాపం, ఆయన తప్పేం లేదు. ఇరవై రెండేళ్ళుగా ఆ దుకాణానికి వాళ్ళిద్దరూ జంటగానే వచ్చారు. పాత చెక్క నేలలు బాగుచేసి, వాటి మీద చెక్కని పోలిన లామినేట్ పలకలు పరిచే పని వాళ్ళది. బావ ముందు నడిచేవాడు, బామ్మర్ది సరుకు మోసేవాడు. మొదటిరోజున బావ "వీడు మా బామ్మర్ది" అని పరిచయం చేశాడు. అంతే, ఆ మాటే పేరై కూర్చుంది. దుకాణంలో గానీ, పనిచేసిన ఇళ్ళలో గానీ అతని అసలు పేరు అడిగిన పాపాన ఎవరూ పోలేదు. కొందరు మర్యాదస్తులు "బామ్మర్దిగారూ" అని కూడా పిలిచేవారు. నలభై ఆరేళ్ళు వచ్చి, కణతలు నెరిసినా లోకం మొత్తానికీ అతను బామ్మర్దే.

"బావ పోయాడండీ," అన్నాడతను. "రేపటికి మూడు వారాలు."

దుకాణదారు నాలిక కరుచుకున్నాడు. "అయ్యయ్యో, నాకెవరూ చెప్పనేలేదే" అంటూ, చేతులు ఏం చేసుకోవాలో తెలియక, అలవాటు కొద్దీ అండర్‌లే నమూనాలు తీసి బల్లమీద పరిచాడు. పలకల కింద పరిచే పొరలవి: ఫోముది, కార్కుది, రబ్బరుది, చెక్క నారది. దుఃఖంలో ఉన్నవాడికైనా అమ్మేవాడు చూపించగలిగేది సరుకే కదా. "ఇది కొత్తగా వచ్చింది. పది మిల్లీమీటర్ల మందం. కాలు పెడితే పరుపేననుకోండి," అన్నాడు మెల్లిగా.

బావ ఉంటే ఏమనేవాడో బామ్మర్దికి తెలుసు. 'మెత్తగా కావాలంటే మంచమెక్కమను' అనేవాడు. కింద పొర మరీ మెత్తనైతే అడుగు వేసినప్పుడల్లా పలక కుంగుతుంది, అతుకులు వదులవుతాయి, ఏడాది తిరిగేసరికి అంచులు పైకి లేస్తాయి. మందపాటి పొర వేస్తే నేలలో ఉన్న పల్లాలన్నీ అదే మింగేస్తుందనుకునేవాళ్ళు కొందరుంటారు. గుంత మీద దుప్పటి కప్పినంత మాత్రాన గుంత పూడదు. ముందు నేల చదునవ్వాలి, ఆ తర్వాతే పొర. ఇరవై రెండేళ్ళలో ఈ ముక్క బావ ఎంతమందికి చెప్పాడో లెక్కలేదు.

"ఇందులో ఉన్నదివ్వండి," అని బామ్మర్ది జేబులోంచి చీటీ తీశాడు. తన ఇంటి ముందు గది కోసం అక్క ఇచ్చింది దాన్ని. బావ చేతిరాత. 'చెక్క నారది. అయిదు మిల్లీమీటర్లు. ప్లాస్టిక్ కాగితం వద్దు.'

ఆ ఆఖరి మాట చదివినప్పుడల్లా అతని చెవులు వేడెక్కుతున్నాయి. ఇద్దరి మధ్య మాటలు ఆగిపోయింది ఆ ప్లాస్టిక్ కాగితం దగ్గరే.

ఎనిమిది నెలల కిందటి మాట అది. ఒక టీచరమ్మ ఇంట్లో, బావ ఇంకో పని మీద వెళ్ళిన రోజున, బామ్మర్ది ఒక్కడే అండర్‌లే పరిచాడు. పెట్టె మీద 'తేమ నుంచి రక్షణ' అని పెద్ద అక్షరాల్లో ఉంది కదా అని చెక్క నేల మీద ప్లాస్టిక్ కాగితం కూడా పరిచేశాడు. సిమెంటు నేలకైతే అది సరే. కింద ఖాళీ ఉన్న చెక్క నేలకి ఊపిరి ఆడాలి. పైన ప్లాస్టిక్ కప్పితే కింది నుంచి వచ్చే చెమ్మ ఎటూ పోలేక చెక్కలోనే ఉండిపోతుంది. మర్నాడు బావ వచ్చి చూశాడు. వంగి, పరిచిన పలకలన్నీ ఊడదీశాడు. అక్కడితో ఆగినా బాగుండేది. ఆ టీచరమ్మ ముందే, "వీడి చేతికి పని వదలడం నాదే బుద్ధితక్కువ" అన్నాడు.

బామ్మర్దికి తల కొట్టేసినట్టయింది. తప్పు తనదేనని తెలుసు. అందుకే కోపం ఇంకా ఎక్కువైంది. "నీ పని నువ్వే చేసుకో బావా" అని తన సంచీ భుజాన వేసుకుని వచ్చేశాడు.

మర్నాడు వెళ్దామనుకున్నాడు. బావే ఫోను చేస్తాడులే అనుకున్నాడు. అక్కడ బావ కూడా సరిగ్గా అలాగే అనుకుని ఉంటాడు. పంతాలకి పెట్టింది పేరు ఇద్దరూ. వారం నెలయింది, నెల ఆరు నెలలయింది. అక్క ఫోను చేసి "మీ బావకి ఒంట్లో బాగుండట్లేదురా, ఒకసారి వచ్చి వెళ్ళు" అంటే, "వస్తాలే, ఈ పని అయిపోనీ" అన్నాడు. రమ్మన్న ఆ ఒక్క మాట ఆయనే అంటే కొమ్ములు ఊడిపోతాయా అని మనసులో గొణుక్కున్నాడు. చివరికి వెళ్ళేసరికి బావ ఆసుపత్రి మంచం మీద కళ్ళు మూసుకుని ఉన్నాడు, ముక్కుకి గొట్టం. పిలిస్తే పలకలేదు. మంచం పక్కన ఓ గంట నిలబడి తిరిగొచ్చాడు. రెండో రోజున కబురొచ్చింది. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమంటే ఇదే.

అప్పటి నుంచీ అతన్ని తొలుస్తున్నది ఒకటే సంగతి. బావ తనని మనసులో ఉంచుకుని పోయాడా, తీసేసి పోయాడా? చెప్పగలిగిన మనిషి లేడు.

అక్క ఇంటి ముందు గది నిండా లామినేట్ పెట్టెలు పేర్చి ఉన్నాయి. గది గాలికి అలవాటు పడాలని బావే తెప్పించి పెట్టించాడట, ఆసుపత్రికి వెళ్ళడానికి పది రోజుల ముందు.

"ఊరందరి నేలలూ చదును చేశాడు," అంది అక్క, టీ గ్లాసు అందిస్తూ. "మన గదిలో మాత్రం గోళీ పడేస్తే గోడదాకా దొర్లుకుంటూ పోయేది. దీపం కిందే చీకటని నేను ముప్పై ఏళ్ళు దెప్పాను. చివరికి, ఒంట్లో సత్తువ లేనప్పుడు మొదలెట్టాడు మహానుభావుడు." ఆమె నవ్వబోయింది. నవ్వు సగంలోనే ఆగిపోయింది. "ఈ పని మాత్రం నువ్వే చెయ్యాలిరా, అందుకే ఆ చీటీ నీకిచ్చాను. వేరేవాళ్ళని పిలవడానికి నాకు మనసొప్పలేదు."

"నేనుండగా వేరేవాళ్ళెందుకక్కా?" అన్నాడు. ఆ మాట అనడానికి తనకేం హక్కుందని లోపల ఎవరో అడిగినట్టయింది.

పెట్టెలు పక్కగదిలోకి జరిపి, పాత తివాచీ చుట్టి అవతల పెట్టాడు. కింద నేల బయటపడింది. బెత్తెడు వెడల్పు చెక్కలు, పాతబడి తేనె రంగు తేలినవి. వాటి మీద అక్కడక్కడా సుద్దతో గీసిన గుండ్రాలు, ప్రతి గుండ్రం పక్కన పెన్సిలుతో ఒక అంకె. మూడు. అయిదు. నాలుగు. మూడు. ఆరు. మొత్తం పదకొండు.

బామ్మర్ది అలాగే మోకాళ్ళ మీద కూలబడ్డాడు.

"తివాచీ ఎత్తి మూడు రోజులు దేకాడురా నేల మీద," అంది అక్క గుమ్మంలోంచి. "పడుకోవయ్యా అంటే వినడే. నీ కోసమే అనుకుంటా. నువ్వొస్తే వెతుక్కోకుండా ఉండాలని."

ఈ అంకెల సంగతి కాస్త చెప్పుకోవాలి. బావ దగ్గర జానెడు కొలత చెక్క ఒకటి ఉండేది. ఒక కొస దళసరి, ఇంకో కొస పలచన, మీద మిల్లీమీటర్ల గీతలు. రెండు మీటర్ల అల్యూమినియం బద్దని నేల మీద పెట్టి, కింద వెలుతురు కనిపించిన చోట ఆ చెక్కని పలచటి కొసతో దూర్చాలి. ఎక్కడ ఇరుక్కుంటే అక్కడున్న అంకె ఆ పల్లం లోతు. పని మొదలెట్టిన కొత్తలో ఒకరోజు చెక్క అడుగున జిగురు అంటుకుందని బావ దానికి చిత్రిక పట్టాడు. జిగురుతో పాటు రెండు మిల్లీమీటర్ల చెక్క కూడా ఊడిపోయింది. అప్పటి నుంచి అది ప్రతి పల్లాన్నీ రెండు ఎక్కువ చేసి చెబుతుంది.

"కొత్తది చేసుకో బావా" అంటే వింటేనా! తాను పట్టిన కుందేలుకి మూడే కాళ్ళు. "నా చెక్క అబద్ధం చెప్పదురా. దాని భాష తెలిసినవాడు కావాలంతే. నేను అది చెప్పిందే రాస్తాను, నువ్వు రెండు తీసేసి చదువుకో," అనేవాడు. అలాగే సాగింది ఇరవై రెండేళ్ళు. బావ అయిదు రాస్తే బామ్మర్ది మూడు పొరలు కత్తిరించేవాడు. ఆరు రాస్తే నాలుగు. బావ అంకె వేసిన చోట మళ్ళీ కొలవడమంటే బావని తిట్టినట్టే లెక్క. ఈ రెండు తీసేసే సంగతి ఆ ఇద్దరికి తప్ప మూడో మనిషికి తెలియదు, అక్కకి కూడా.

అందుకే ఆ అంకెలు చూడగానే బామ్మర్దికి కళ్ళు నిండిపోయాయి. బావ తన కోసం రాశాడు. తనకి మాత్రమే చదవడం వచ్చిన రాత రాసి పెట్టి పోయాడు. ఎనిమిది నెలల నుంచి గుండెల మీదున్న బండ ఒక్కసారి దిగినట్టయింది. చీటీలో 'ప్లాస్టిక్ వద్దు' అన్న మాట కూడా ఇప్పుడు తీయగా వినిపించింది. పోతూ పోతూ కూడా దెప్పాడు చూడు, అనుకుని కన్నీళ్ళలోనే నవ్వుకున్నాడు.

ఆ మధ్యాహ్నమంతా అతను ఒళ్ళు తెలియకుండా పనిచేశాడు. తివాచీ మేకులు ఒక్కొక్కటీ పీకాడు. పైకి లేచిన పాత మేకు తలల్ని సుత్తితో లోపలికి దింపాడు. నడిస్తే కిర్రుమనే చెక్కల్ని కింది దూలాలకి స్క్రూలతో బిగించాడు. ఉబ్బిన అంచులకి చిత్రిక పట్టి, చెక్కపొట్టు ఊడ్చాడు. ఆ తర్వాత గుండ్రాల దగ్గరికొచ్చాడు. ఒక్కో పొర ఒక్కో మిల్లీమీటరుండే గట్టి అట్ట తీసుకుని, ఒకదాని కన్నా ఒకటి కాస్త చిన్నదిగా కత్తిరించి, జిగురుతో అంటించుకుంటూ పోయాడు. అయిదున్న చోట మూడు. నాలుగున్న చోట రెండు. మూడున్న చోట ఒకటి.

ఒకటి అంటించేటప్పుడు మాత్రం చెయ్యి కాస్త ఆగింది. ఒక్క మిల్లీమీటరు పల్లానికి బావ ఎప్పుడూ గుర్తు పెట్టేవాడు కాదు. అంతమాత్రం అండర్‌లే సర్దుకుంటుంది అనేవాడు. సొంతిల్లు కదా, చాదస్తం ఎక్కువై ఉంటుందిలే అనుకున్నాడు. కిటికీ దగ్గరి గుండ్రం కూడా ఒకలా ఉంది. అక్కడ బావ మొదట ఆరు వేసి, దాన్ని కొట్టేసి, పక్కన నాలుగు రాశాడు. బావ అంకె కొట్టేయడం అతను ఎన్నడూ చూడలేదు. చెయ్యి వణికి ఉంటుంది పాపం, అనుకుని జాలిపడ్డాడు. రెండు పొరలు అంటించి ముందుకెళ్ళాడు.

తలుపు దగ్గరి గుండ్రం ఒక్కటే మిగిలింది. జిగురు ఆరేలోగా అయినంతవరకూ చూసుకుందామని బద్ద తీసి కిటికీ దగ్గర నేల మీద ఆనించి, తల వంచి చూశాడు.

కింద వెలుతురు కనిపించింది.

బద్ద తిప్పి పెట్టాడు. అదే వెలుతురు. పక్క గుండ్రం దగ్గర పెట్టాడు. అక్కడా అంతే. జేబులోంచి ఉక్కు స్కేలు తీసి కొలిచాడు. రెండు మిల్లీమీటర్లు. ఇంకోచోట కొలిచాడు, రెండు. పదిచోట్లా రెండే. ఒకటిన్నర కాదు, రెండున్నర కాదు. అట్ట పలచబడిందా అనుకున్నాడు, చూస్తే అది బాగానే ఉంది. 

"అక్కా, బావ సంచీ ఎక్కడుంది?"

అక్క లోపలి నుంచి సంచీ తెచ్చింది. కొలత చెక్క పాత బనీను గుడ్డలో చుట్టి భద్రంగా ఉంది. అదే చెక్క. అడుగున అదే చిత్రిక చార. బామ్మర్ది దాన్ని పట్టుకుని తలుపు దగ్గర మిగిలిన గుండ్రం దగ్గరికెళ్ళాడు. నేల మీద బావ రాసింది మూడు. బద్ద పెట్టి చెక్కని కిందకి తోశాడు. అయిదు దగ్గర ఆగింది. స్కేలు పెట్టాడు. మూడు.

చెక్క అయిదు చెప్పింది. బావ మూడు రాశాడు. ఆ రెండూ తానే తీసేసి రాశాడు.

బామ్మర్ది కిటికీ దగ్గరికి తిరిగొచ్చి ఆ కొట్టేసిన ఆరు ముందు కూర్చున్నాడు. అంతా ఇప్పుడు అర్థమైంది. మొదటి గుండ్రం అది. బావ అలవాటు ప్రకారం, ఇరవై రెండేళ్ళుగా రాసినట్టే, ఆరు రాశాడు. తర్వాత గుర్తొచ్చింది, చదివేవాడు రాడని. కొట్టేసి నాలుగు రాశాడు. అక్కడి నుంచి తలుపు దాకా ప్రతి అంకెనీ ఎవరో కొత్త మనిషి కోసం, తెలియని పనివాడి కోసం, సరిచేసి రాశాడు. చీటీలో ప్లాస్టిక్ మాట కూడా దెప్పడం కాదు. ఏమీ తెలియనివాడు వస్తాడని జాగ్రత్త చెప్పాడు.

తిట్టినా బాగుండేది. పోరా వెధవా అని నేల మీద రాసి పెట్టినా ఇంత బాధ ఉండేది కాదు. కోపముంటే మనిషి మనసులో ఉన్నట్టే. బావ కోపం కూడా పెట్టుకోలేదు. వాడు రాడు అని లెక్క కట్టుకుని, దానికి తగ్గట్టు పని సర్దుకున్నాడు. ఆ లెక్క తప్పని చెప్పడానికి ఏడు నెలల పైనే టైముండింది తనకి. ఒక్క ఫోను చాలు. ఒక్క సాయంత్రం వచ్చి గుమ్మంలో నిలబడితే చాలు.

"ఏరా, అలా ఉన్నావేం?" అంది అక్క.

 "ఇవి రాసేటప్పుడు బావ ఏమన్నా అన్నాడా అక్కా?"

"ఏమంటాడు? మొదటిరోజు ఇదిగో, ఇక్కడే, కిటికీ దగ్గర పెన్సిలు పట్టుకుని చాలాసేపు ఊరికే కూర్చున్నాడు. ఆయాసమేమోనని నీళ్ళు తెచ్చాను. ఏంటయ్యా అంటే, 'ఎవరొస్తారో ఏమో, ఎవరొచ్చినా అర్థమవ్వాలి కదే' అన్నాడు." ఆమె చీర కొంగుతో ముఖం తుడుచుకుంది. "నీ గురించేలే అని నేను మాట్లాడలేదు. నీ కోసమే కదరా రాసింది?"

బామ్మర్ది ఆమె ముఖం చూశాడు. మూడు వారాల్లో పదేళ్ళు పైబడ్డట్టున్న ముఖం అది. ఆమెకి మిగిలిన కాస్త ఊరటలో ఇది కూడా ఒకటని అతనికి తెలిసిపోయింది.

"అవునక్కా," అన్నాడు. "నాకు తప్ప ఇంకెవరికి తెలుస్తుంది బావ రాత."

ఆమె తలూపి, గ్లాసు తీసుకుని లోపలికెళ్ళింది. ఆమె వెళ్ళాక అతను ఏడ్చాడు. మంచం పక్కన నిలబడ్డ రోజున రాని ఏడుపు, అందరి మధ్యా గట్టిగా బిగబట్టుకున్న ఏడుపు, ఇప్పుడొచ్చింది. నోటికి మోచెయ్యి అడ్డం పెట్టుకుని, అక్కకి వినపడకుండా ఏడ్చాడు.

తర్వాత లేచి పనిలో పడ్డాడు. ప్రతి గుండ్రం మీదా ఇంకో రెండు పొరలు కత్తిరించి అంటించాడు. తలుపు దగ్గర మూడూ ఒకేసారి అంటించాడు. గరుకు కాగితంతో అంచులు రుద్దాడు. రాత్రంతా జిగురు ఆరనిచ్చి, మర్నాడు పొద్దున వచ్చి గది నాలుగు మూలలా బద్ద తిప్పి చూశాడు. ఎక్కడా వెలుతురు లేదు. బావ అంకెలన్నీ సరిగ్గా ఉన్నాయి. ఒక్కటీ తప్పలేదు.

నేల మరోసారి ఊడ్చి, అండర్‌లే కట్టలు విప్పాడు. చెక్క నార పలకలు, తడి మట్టి రంగువి, గోడ పక్కన పేర్చుకున్నాడు. మొదటిది చేతిలోకి తీసుకున్నవాడు మళ్ళీ కింద పెట్టేశాడు. చెవి మీదున్న పెన్సిలు తీసి, తలుపు దగ్గర మోకాళ్ళ మీద కూర్చున్నాడు.

బావ రాసిన మూడు పక్కన అయిదు రాశాడు. తర్వాతి గుండ్రం దగ్గరికి దేకి, అయిదు పక్కన ఏడు రాశాడు. నాలుగు పక్కన ఆరు. ఆరు పక్కన ఎనిమిది. బావ మూడు రోజులు దేకిన దారినే వెనక నుంచి ముందుకి దేక్కుంటూ వచ్చాడు.

అక్క గుమ్మంలో నిలబడి చూస్తోంది. "ఇంకాసేపట్లో కప్పేసే నేల మీద ఈ రాతలెందుకురా?"

"ఇది మా లెక్క అక్కా. నేనూ బావా ఇలాగే రాసుకునేవాళ్ళం."

ఆమె వచ్చి, మూటలా గోడకి ఆనుకుని కూర్చుంది.

పది గుండ్రాలు అయిపోయి కిటికీ దగ్గరికి వచ్చాడు. అక్కడ నాలుగు ఉంది. దాని పక్కన, అడ్డగీత కింద, బావ స్వయంగా రాసిన ఆరు ఉంది. అక్కడ రాయడానికి ఏమీ లేదు. బామ్మర్ది కాసేపు ఆ ఆరు మీద బొటనవేలు పెట్టి కూర్చున్నాడు. పెన్సిలు చెవి మీద పెట్టుకుని, మొదటి పలక తెచ్చి, గోడకి వేలెడు ఎడం వదిలి, ఆ ఆరు మీదుగా పరిచాడు.